చిరునామాకు శాలువా

కిందటి వారం మనం మహేశ్వరిని తార్నాక చౌరస్తాలో, బస్టాపు నీడ కూడా అందని చోట, ఫోన్ చేతిలో పట్టుకుని నిలబడి ఉండగా వదిలేసి వచ్చాం. పాపం, ఇంకా అక్కడే ఉంది. మరిచిపోయినవాళ్లకూ, ఈ వారమే పత్రిక చేతికి తీసుకున్నవాళ్లకూ నాలుగు ముక్కలు చెప్పేసి ఆమె దగ్గరకు వెళదాం.

మహేశ్వరి యూనివర్సిటీలో సైకాలజీ చెబుతుంది. కాంట్రాక్టు ఉద్యోగం. కుర్రాళ్లను ఫోన్లలోనే పట్టుకుని, ద్వేషం నూరిపోసి, చివరికి చేతికి అగ్గిపెట్టె ఇచ్చే గ్రూపులు ఉంటాయి చూశారా, వాటి గురించి హాస్టళ్లలో తరగతులు చెప్పడం ఆమెకు అదనంగా అంటగట్టిన పని. అలాంటి గ్రూపు ఒకటి ఆ క్యాంపస్‌లోనే పుట్టింది. పేరు ‘పోరగాళ్ల గోస’. ఉద్యోగ పరీక్షలకు ఏళ్ల తరబడి చదువుతున్న కుర్రాళ్లు కరెంట్ అఫైర్స్ పంచుకోవడానికి పెట్టుకున్నది. మొదట్లో మెస్సులో పప్పు మీద జోకులు వేసుకున్నారు. తర్వాత నోటిఫికేషన్ల మీద ఏడ్చుకున్నారు. ఆ ఏడుపులోంచి ‘మన ఉద్యోగాలు ఆడోళ్లు తిన్నరు’ అనే పాట ఎత్తుకున్నారు. పాట ఎత్తుకున్నాక ఎవరో ఒకరి మీద పాడాలి కదా! మొన్నటి ఫలితాల్లో సర్కారు ఉద్యోగం వచ్చిన మల్కాజ్‌గిరి అమ్మాయి నవత దొరికింది. దొంగ సర్టిఫికెట్ పెట్టిందని ఒక అబద్ధం పుట్టించారు. ఆ తర్వాత తార్నాకలో ఆమె ఉండే లేడీస్ హాస్టల్ ముందే ఆమె స్కూటీ తగలబడింది.

నవత సొంత ఇంటి అడ్రసు అప్పటికే ఊరందరికీ తెలిసిపోయింది కాబట్టి, మహేశ్వరి ఆ పిల్లను గుట్టుగా తీసుకుపోయి బౌద్ధనగర్‌లో తనకు తెలిసిన నర్సు కమలాదేవి ఇంట్లో దాచింది. తోడుగా తన తల్లి ఉప్పలమ్మను కూడా పంపింది. హమ్మయ్య అనుకునే లోపే గ్రూపులోంచి ఒక పోస్టర్ బయటికి వచ్చింది. నవత మొహం మీద ఎర్ర గీత, కింద ‘జవాబు చెప్పాలె’ అన్న మాట. అక్షరాల కింద పల్చగా నీడ వేసే పద్ధతి చూసి మహేశ్వరి గుర్తుపట్టింది. అది తన తమ్ముడు శివకుమార్ చేతి పని. అక్కడ ఆపాం.

ఇప్పుడు అదే ఫోన్ మళ్లీ మోగింది.

ఈసారి వచ్చింది గోస గ్రూపులోంచి కాదు. యూనివర్సిటీ సద్భావనా కమిటీ గ్రూపులోంచి. ఒక ఫోటో. డ్యూటీకి బయలుదేరిన కమలాదేవిని ఆమె గేటు దగ్గరే ఆపి, భుజాల మీద శాలువా కప్పి, చేతిలో జ్ఞాపిక పెట్టారు. పక్కన కమిటీ కన్వీనర్ ప్రొఫెసర్ విజయశ్రీ చిరునవ్వు. వెనక గేటు. గేటు మీద ఇంటి నంబరు, ఎండకు తళతళా మెరుస్తూ. కింద ఇలా రాశారు: ‘ఆపదలో ఉన్న మన పూర్వ విద్యార్థిని నవతకు తన ఇంట ఆశ్రయమిచ్చిన బౌద్ధనగర్ వాసి శ్రీమతి కమలాదేవి గారికి ఆత్మీయ సన్మానం. దయచేసి అన్ని హాస్టల్ గ్రూపులకూ ఫార్వర్డ్ చేయగలరు.’

మహేశ్వరి రెండోసారి చదివింది. మొదటిసారి చదివినప్పుడు ఏమని ఉందో, రెండోసారీ అదే ఉంది.

మన దగ్గర ఏ మంచిపనైనా శాలువా కప్పేదాకా పూర్తయినట్టు కాదు. రక్తం ఇచ్చినవాడికి శాలువా, రక్తం ఇవ్వమని చెప్పినవాడికి శాలువా, ఆ సభకు మైకు తెచ్చినవాడికి కూడా మిగిలితే ఒక శాలువా. సరే, ఎవరి సరదా వాళ్లది. కానీ దాచిన మనిషిని దాచినందుకు వీధిలో నిలబెట్టి సన్మానం చేయడమనేది ఈ కమిటీ పుట్టాకే పుట్టింది. కొండ నాలుకకు మందేస్తే ఉన్న నాలుక ఊడిందంటారు. ఇక్కడ మందు వేసినవాళ్లు ఫోటో కూడా దిగారు.

మహేశ్వరి విజయశ్రీకి ఫోన్ చేసింది.

“మేడం, ఆ ఫోటో తీసేయండి. ఇప్పుడే, ఈ నిమిషమే.”

“ఏం, బాగా రాలేదా? మొహం మీద ఎండ పడుతోందని నేను అంటూనే ఉన్నాను మహేశ్వరీ. ఇంకోటి ఉంది, అందులో కమిటీ అంతా...”

“మేడం! అది నవత దాక్కున్న ఇల్లు!”

“అదే కదా ఆవిడ గొప్పతనం! ఇలాంటి రోజుల్లో ఒక మనిషి తలుపు తెరిచిందంటే నలుగురికీ తెలియొద్దూ? నువ్వే కదా వర్క్‌షాప్‌లో చెప్పావు, చెడ్డ కథ ఒకటి తిరిగితే మంచి కథలు పది తిప్పాలని. నేను నోట్ చేసుకున్నాను కూడా.”

“తిప్పాల్సింది కథ మేడం, అడ్రసు కాదు. నేను మిమ్మల్ని నమ్మి చెప్పాను. ఎవరికీ చెప్పొద్దని కూడా చెప్పాను.”

విజయశ్రీ చెడ్డ మనిషి కాదు. నవతకు ధైర్యం చెప్పడానికి స్కూటీ కాలిన రోజున అందరికన్నా ముందు పరిగెత్తింది ఆవిడే. కాకపోతే తాను పట్టిన కుందేలుకు మూడే కాళ్లు, ఆ మూడు కాళ్లకూ మూడు శాలువాలు.

“అయ్యో... నేను ఆ వైపు ఆలోచించలేదమ్మా,” అంది గొంతు తగ్గించి. “తీయిస్తాను. కానీ గ్రూపు మన కమిటీ క్లర్కు కరుణాకర్ చేతిలో ఉంది, అతను భోజనానికి వెళ్లాడు. ఫోన్ ఇక్కడే ఛార్జింగ్‌లో పెట్టిపోయాడు. దానికి లాక్ ఉంది.”

మహేశ్వరి ఇంకేమీ అనకుండా ఫోన్ పెట్టేసింది. అనడానికి నోట్లో ఉన్న మాటలు పెద్దవాళ్లను అనకూడనివి.

తర్వాత నవత కేసు చూస్తున్న ఇన్‌స్పెక్టర్‌కు చేసింది. ఆయన విని ఒక నిట్టూర్పు విడిచాడు. “అమ్మాయిని బయటికి తేవద్దు మేడం. వీధిలో ఎవడు కాపు కాస్తున్నాడో మనకు తెల్వదు. లోపలే ఉండి గడియ వేసుకోమనండి. ఊరేగింపు బందోబస్తులో ఉన్నం, అయినా బండి పంపిస్తున్న.” కమలాదేవి ఫోన్ స్విచ్ ఆఫ్, వార్డులోకి వెళ్లిపోయి ఉంటుంది. నవత ఫోన్ విచారణ కోసం పోలీసుల దగ్గరే ఉంది. ఇక తల్లికి చేసింది.

“అమ్మా, తలుపుకు గడియ పెట్టుకో. గేటు దగ్గరికి కూడ పోకు. పోలీసోళ్లు వస్తున్నరు.”

“మంచిది బిడ్డా. నవతకు పచ్చిపులుసు ఇష్టమంట, చేస్తున్న. పొయ్యి మీద కూర అడుగంటుతున్నది, పెడుతున్న,” అని ఉప్పలమ్మ పెట్టేసింది. ఆవిడ దృష్టిలో ఈ లోకంలో కూర అడుగంటడం కన్నా పెద్ద ఆపద లేదు.

బౌద్ధనగర్‌కు పరిగెత్తాలా? పరిగెత్తి ఏం చేస్తుంది, గేటు ముందు నిలబడి ఎవరిని గుర్తుపడుతుంది? ఎవడు వస్తాడో, ఎప్పుడు వస్తాడో తెలిసిన మనిషి ఆమెకు తెలిసినంతలో ఒక్కడే ఉన్నాడు. ఆ ఒక్కడూ తన సొంత రక్తమే కావడం ఆమె ఖర్మ. ఆటో పిలిచి క్యాంపస్‌లోకి పోనిమ్మంది.

హాస్టల్ గేటు దగ్గర వాచ్‌మన్ బిక్షపతి కర్ర అడ్డం పెట్టాడు.

“ఆడోళ్లు లోపలికి పోవద్దు మేడం. ఎవలు గావాలె?”

“శివకుమార్‌ను పిలువు. నేను వాళ్ల అక్కను.”

“గా పేరు మీద రూం లేదు.”

“మూడేండ్ల సంది గీడనే ఉంటుండు కదయ్యా!”

“ఉంటే ఉండనియ్యున్రి, రూం అయితే లేదు.”

మహేశ్వరి కళ్లు మూసుకుని తెరిచింది. నిజమే. శివకుమార్ నాన్ బోర్డర్. ఒకరి పేరు మీద గది, అందులో ఇంకో ముగ్గురి చాపలు. క్యాంపస్‌లో ఇది అందరికీ తెలిసిన పద్ధతే. రికార్డుల ప్రకారం తన తమ్ముడు ఈ భూమ్మీద ఎక్కడా నివసించడం లేదు.

“సమ్మయ్య రూంల ఉంటడు,” అంది.

“గట్ల చెప్పున్రి మరి! శివన్ననా! సమ్మయ్య సార్ అయితే లేడు, పొద్దుగాల బండేసుకొని పోయిండు. శివన్న ఉన్నడు, ఆగున్రి.” బిక్షపతి మెట్ల కింద నిలబడి పైకి ఒక కేక పెట్టాడు.

సమ్మయ్య ఆమెకూ తెలిసినవాడే. పీహెచ్‌డీ చేస్తున్నాడు, నోట్లో నాలుక లేనట్టు ఉంటాడు. ఆదివారాలు శివతో కలిసి రామంతాపూర్‌లో మహేశ్వరి వాళ్లింటికి వచ్చి తిని పోతుంటాడు. గదిలో వాడున్నాడు కదా, తమ్ముడికి మంచి సావాసం దొరికిందని ఆమె ఇన్నాళ్లూ నిశ్చింతగా ఉంది.

శివకుమార్ తువ్వాలు భుజాన వేసుకుని దిగి వచ్చాడు. గడ్డం పెరిగింది. కళ్ల కింద నల్లగా ఉంది. చుట్టూ పుస్తకాలు పట్టుకుని అటూ ఇటూ తిరుగుతూ రాజ్యాంగ సవరణలు బట్టీ పడుతున్న కుర్రాళ్ల మధ్య నుంచి నడిచి వచ్చి, అక్కను చూసి ఆగాడు.

“ఏందక్కా, చెప్పకుంట వచ్చినవ్?”

“కూసో.”

పక్కనున్న పిట్టగోడ మీద ఇద్దరూ కూర్చున్నారు. మహేశ్వరి గుండెల నిండా గాలి పీల్చుకుంది. ఇలాంటప్పుడు ఏం చేయాలో ఆమెకు తెలుసు. ఎందరికి చెప్పింది! ఎదురుగా కాదు, పక్కన కూర్చోవాలి. నిందించకూడదు. వాదించకూడదు. మనసు విప్పే ప్రశ్న ఒకటి వేసి ఊరుకోవాలి.

“ఈ నడుమ ఎట్లున్నవ్ రా? మనసుల ఏమన్న...”

శివకుమార్ పకపకా నవ్వాడు. “మొదలువెట్టినవా? ‘పక్కన కూర్చోండి, తీర్పు చెప్పకండి, ముందు వినండి’. నీ వర్క్‌షాప్ పోస్టర్ నేనే గదనే చేసిచ్చింది? పాయింట్లన్నీ నోటికొస్తయి నాకు. నాలుగో పాయింటు, వాళ్ల నమ్మకాన్ని ఎగతాళి చేయకండి. ఐదోది చెప్పాల్నా?”

మహేశ్వరి ఫోన్ తీసి ఎర్ర గీత పోస్టర్ అతని మొహం ముందు పెట్టింది. “ఇది గూడ నువ్వే చేసినవ్.”

నవ్వు ఆగింది. అతను దాన్ని చూసి, తల తిప్పుకుని, మళ్లీ చూశాడు. తర్వాత అతనన్న మాటకు మహేశ్వరి ఇన్నేళ్ల చదువూ మంట కలిసిపోయింది.

“నీ పోస్టర్ కంటె ఇదే మంచిగొచ్చింది.”

“ఒరేయ్ గాడిదా!” ఆమె అరిచిన అరుపుకు సవరణలు చదువుతున్న కుర్రాడు పుస్తకం మూసి ఇంకో వైపుకు వెళ్లిపోయాడు. “సిగ్గున్నదారా నీకు? పగలు నాకు ద్వేషం వద్దని బొమ్మ చేసిస్తవ్, పొద్దుగూకినంక వాళ్లకు ఆడపిల్ల మొఖం మీద గీత గీసిస్తవ్. దుకాణం వెట్టినవా?”

“నేను ఎవల్ని ముట్టుకోలే.”

“ముట్టుకునెటోనికి బొమ్మ గీసిచ్చినవ్. నువ్వు బొమ్మ గీస్తే ఇంకోడు అగ్గిపుల్ల గీసిండు. ఆ పిల్ల స్కూటీ కాలిందా లేదా?”

“కాలింది. అందరి కండ్ల నీళ్లు తిరిగినయి గదా స్కూటీ కాలితె?” శివకుమార్ గొంతు కూడా లేచింది. “నా ఏండ్లు కాలినయక్కా. ఎవడన్న వచ్చి చూసిండా? ఒకపారి పరీక్ష రద్దన్నరు. ఒకపారి కోర్టుల ఉన్నదన్నరు. ఒకపారి అరమార్కుల పోయింది. ఇంటికొస్తె నువ్వు ‘ప్రిపరేషన్ ఎట్లున్నది’ అంటవ్. చుట్టాలు ‘ఇంకా చదువుతున్నవా’ అంటరు. ఆ గ్రూపుల ఏమంటరో ఎరుకనా? ‘తిన్నవా తమ్మీ’ అంటరు. రోజు అంటరు. పండుగనాడు గూడ అన్నరు.”

మహేశ్వరికి ఆ మాట తగిలింది. తగలలేదని అబద్ధం చెప్పను. ఆమె చదివిన పుస్తకాల్లో ఇదంతా ఉంది. ఎవరికీ పట్టని కుర్రాడిని ముందు పలకరిస్తారు, తర్వాత ‘నీ తప్పేం లేదు’ అంటారు, ఆ తర్వాత తప్పెవరిదో వేలు పెట్టి చూపిస్తారు. పుస్తకంలో చదివినప్పుడు అది ఒక పేరా. ఇక్కడ అది బనియన్ వేసుకుని, తువ్వాలు భుజాన వేసుకుని ఎదురు మాట్లాడుతోంది.

అయినా ఆమెకు జాలి కన్నా చిరాకే ఎక్కువ వచ్చింది.

“అయితే? తిన్నవా అని అడిగినోడు పెట్రోలు పొయ్యమంటె పోస్తవా? మన అమ్మ బజార్ల పొయ్యేటోళ్లను గూడ తిన్నవా అని అడుగుతది. ఎవల్నన్న తగలవెట్టమన్నదా?”

శివకుమార్ తువ్వాలు తీసి ఇంకో భుజాన వేసుకున్నాడు.

“నవత సర్టిఫికెట్ దొంగదని ఎవడు చెప్పిండు నీకు?”

“గ్రూపుల అందరికి తెలుసు.”

“నువ్వు చూసినవా?”

“నిప్పు లేంది పొగ వస్తదా?”

“నిప్పు పెట్టింది మీరే గదరా! పెట్టి, పొగొచ్చింది చూడున్రి అంటరు.” ఆమె నుదుటి చెమట తుడుచుకుంది. “ఆ పిల్ల గూడ ఇదే రీడింగ్ హాల్ల కూసొని చదివింది. నీ లెక్కనే ఒకపారి రద్దయింది, నీ లెక్కనే ఒకపారి కోర్టుల పడ్డది. మొన్న వచ్చింది. వాళ్ల నాయన మల్కాజ్‌గిరి స్టేషన్ ముంగట పండ్ల బండి పెడతడు. సర్టిఫికెట్ అసలుదని ఇచ్చినోళ్లే రాసిచ్చిండ్రు. నేను నా కండ్లతోని చూసిన. నువ్వు ఏం చూసినవ్ రా? నువ్వే చేసిన బొమ్మను నువ్వే చూసి నమ్మినవ్.”

అతను నేల చూపులు చూశాడు. కాలి బొటనవేలితో సిమెంటు పెచ్చు ఒకటి గీకుతున్నాడు. చిన్నప్పుడు లెక్క తప్పు చేసి దొరికిపోయినప్పుడూ ఇలాగే చేసేవాడు.

“ఇయ్యాల బౌద్ధనగర్‌కు ఎవడు పోతుండు?” అంది గొంతు తగ్గించి.

“నాకు తెల్వది.”

“అడ్రసు మీకెట్ల తెలిసిందో అది గూడ తెల్వదా?”

అప్పుడు శివకుమార్ తలెత్తి అక్కను అదోలా చూశాడు. జేబులోంచి ఫోన్ తీసి, గ్రూపు తెరిచి చేతికిచ్చాడు.

“మేము ఎతుకలే అక్కా. మీరే పంపిండ్రు.”

శాలువా ఫోటో. దాని కింద ఎవడో రాశాడు: ‘సద్భావన కమిటీకి ధన్యవాదాలు. మా పని అల్కగ చేసిండ్రు.’ దాని కింద వరసగా నవ్వు మొహాలు. ఆ నవ్వుల కింద ‘ఆఖరి బెంచి’ అని పేరు పెట్టుకున్నవాడు ఒక్క వాక్యం రాశాడు: ‘నేను దగ్గర్లనే ఉన్న. చూసుకుంట.’

మహేశ్వరి ఆ పేరు మీద వేలు పెట్టింది. “ఈడు ఎవడు?”

“పేర్లుండవక్కా అండ్ల. ఎవడెవడో ఎవనికీ తెల్వదు. ఈయన ఎక్కువ మాట్లాడడు. మాట్లాడితె మాత్రం అందరు వింటరు.”

“ఏం చేస్తడు పోయి?”

“ఏం చెయ్యడు. గేటు ముంగట నిలవడి వీడియో తీస్తడు, భయపెడ్తడు, గంతే. ఉద్యోగం నాకొద్దని ఆమె రాసిస్తె ఇడిసిపెడ్తరు.”

“స్కూటీ కాలినప్పుడు గూడ గంతే అనుకున్నవా?”

శివకుమార్ మళ్లీ ఆ సిమెంటు పెచ్చు మీదికే వేలు పోనిచ్చాడు. అంటే అనుకున్నాడన్న మాట.

ఇక్కడ మహేశ్వరి ఒక పని చేసింది. అది తెలివో మొండితనమో నాకు ఇప్పటికీ తేలలేదు. ‘అమ్మ ఆ ఇంట్లోనే ఉంది’ అన్న మాట ఆమె నాలుక చివరి దాకా వచ్చింది. ఆ ఒక్క మాట అంటే వాడు లేచి ఉరుకుతాడని ఆమెకు తెలుసు. కానీ మింగేసింది. అమ్మ కోసమైతే ఎవడైనా ఆపుతాడు, అందులో ఏముంది? నవత కోసం ఆపుతాడా లేదా? ఆపకపోతే తాను ఇంటికి తీసుకుపోయేది తమ్ముడిని కాదు, ఇంకెవరినో. అది తేల్చుకోవాలనుకుంది. పోలీసు బండి బయలుదేరిందన్న ధైర్యం కూడా ఒకటి ఆమెకు ఉంది.

“వాళ్లకు బొమ్మలు చేసిచ్చేటోనివి, నీ మాట వింటరు. ఒక్క మాట రాయి. ఆ పిల్ల తప్పు లేదు, ఆపున్రి అని రాయి.”

“రాస్తె నన్ను ద్రోహి అంటరు. తీసేస్తరు.”

“తీసేస్తె ఏమైతది?”

శివకుమార్ ఆమె వైపు చూశాడు. ఆ చూపులో కోపం లేదు. “మళ్ల నేను ఎవనితోని మాట్లాడాలె అక్కా?”

“నాతోని మాట్లాడు రా! రోజు పొద్దున మాపు నా పానం తీయి, నేనేమన్న వద్దన్ననా?” అంది. ఏడుపు వచ్చినందుకు తన మీద తనకే చిరాకేసి చున్నీతో కళ్లు గట్టిగా తుడుచుకుంది. “రాయి. నీ కాల్మొక్కుత, రాయి.”

అతను ఫోన్ అందుకున్నాడు. ‘ఆగున్రి’ అని రాశాడు. చెరిపేశాడు. ‘ఒక్కపారి ఆలోచించున్రి’ అని రాశాడు. దాన్నీ చెరిపేశాడు. బొటనవేలు గాలిలో ఆగిపోయింది. మహేశ్వరి ఆ వేలినే చూస్తోంది. నిజంగా సర్టిఫికెట్ అసలుదేనా అని మళ్లీ అడిగాడు. అసలుదే అంది. ఆమె ఎట్లుంది అని అడిగాడు. నిద్ర లేదు, తిండి లేదు, గేటు చప్పుడైతే మంచం కింద దూరుతోంది అని చెప్పింది. శివకుమార్ పెదవి కొరుక్కున్నాడు. మళ్లీ మొదలుపెట్టాడు. ‘ఆ అమ్మాయి’ అని రాసి, ఆ తర్వాత ఏం రాయాలో తోచక ఆగాడు.

ఆ సగం మాట పైనే కొత్త మెసేజ్ వచ్చి పడింది. ఆఖరి బెంచి రాశాడు.

‘లోపలికి పోతున్న.’

మహేశ్వరి పెట్టిన పరీక్ష అక్కడితో ముగిసింది. “అమ్మ ఆడనే ఉన్నది రా!” అని అరిచింది. “నవతకు తోడుగ నేనే పంపిన. ఆ ఇంట్ల అమ్మ ఉన్నది!”

శివకుమార్ ఆ సగం మాట చెరిపేశాడు. ఆ తర్వాత అతని వేళ్లు ఆగలేదు. ‘నేను శివకుమార్‌ను. పోస్టర్లు చేసేది నేనే. ఆ ఇంట్ల మా అమ్మ ఉన్నది. ఆ పిల్ల మీద చెప్పినయన్ని అబద్ధాలు. ఎవడూ అటు పోవద్దు.’ పంపేశాడు. పేరుతో సహా పంపేశాడు.

చూస్తున్న మహేశ్వరికి ఊపిరి వచ్చింది, దాంతోపాటే దుఃఖమూ వచ్చింది. నవత కోసం ఇంతసేపు తడుముకున్న వేలికి అమ్మ కోసం తడబాటే లేదు. అయినా రాశాడు కదా, ఆ పిల్ల సంగతి కూడా రాశాడు కదా అని మనసుకు చెప్పుకుంది. లెక్కలు తర్వాత చూసుకోవచ్చు.

గ్రూపులో తిట్లు మొదలయ్యాయి. ద్రోహి అన్నారు, అక్క కొంగు పట్టుకున్నోడన్నారు. శివకుమార్ అవేవీ చూడటం లేదు. తల్లికి ఫోన్ చేస్తున్నాడు. మోగుతోంది. ఎత్తడం లేదు. మళ్లీ చేశాడు. మహేశ్వరి తన ఫోన్‌లో ఇన్‌స్పెక్టర్‌ను పట్టుకుంది. “మెట్టుగూడ దాటుతున్నది మేడం, ట్రాఫిక్ ఉన్నది, అయిపోయింది, వచ్చేసినట్టే,” అన్నాడాయన.

“తలుపుకు గడియ పెట్టుకొమ్మని చెప్పిన,” అంది మహేశ్వరి, తమ్ముడికో తనకో. “అమ్మ తియ్యదు. మనిషి ఎవడో తెల్వంది తియ్యదు. ఈ లోపల బండి పోతది.”

“పా, ఆటో పట్టు,” అని శివకుమార్ లేచాడు. లేస్తుండగానే ఫోన్ అతని చేతిలో వణికింది. గ్రూపులో కాదు, అతనికి విడిగా వచ్చింది. ఆఖరి బెంచి.

అతను చదివాడు. చదివి, మళ్లీ పిట్టగోడ మీద కూర్చుండిపోయాడు.

“ఏమైంది రా? ఏమన్నడు?”

అతను ఫోన్ ఆమె చేతిలో పెట్టి, తల పైకెత్తి మూడో అంతస్తులో తమ గది కిటికీ వైపు చూస్తున్నాడు. తీగ మీద రెండు చొక్కాలు ఆరేసి ఉన్నాయి, ఒకటి అతనిది.

మహేశ్వరి చదివింది.

‘అమ్మ ఉన్నదని నాకు తెల్సు రా శివా. తలుపు తీసింది అమ్మనే. ఆదివారం గాకున్నా వచ్చినవ్, మంచిగైంది, తిని పో కొడుకా అంటున్నది.’

“సమ్మయ్యనా?” అంది.

శివకుమార్ తలూపాడు. ఆమె చేతిలోనే ఫోన్ మళ్లీ వణికింది.

‘నవతను గూడ పిలుస్తున్నది. అందరం కూసొని తిందామని.’